చుక్క కనబడని దినాలు

పుదుచ్చేరి పట్టణం నుండి విల్లుపురం వెళ్ళే రహదారి మీద, పడమటి దిక్కున రెడ్డియార్‌పాళయం ఉంది. పేరులో ముందున్నది తెలుగు రెడ్డి. వెనుక చేరినది తమిళ గౌరవవాచకం. విజయనగర, నాయకరాజుల కాలంలో దక్షిణానికి తరలిన తెలుగు కుటుంబాల సంతతివారు ఈ ప్రాంతాలలో నేటికీ ఉన్నారు. వీథిలో తమిళం మాట్లాడతారు, బడిలో తమిళమో ఇంగ్లీషో చదువుకుంటారు, ఇంటిలో పెద్దవాళ్ళతో మాత్రం ఒక పాతకాలపు తెలుగు మాట్లాడతారు. అది నోటి తెలుగు. దానిని రాయడం, చదవడం వారిలో చాలామందికి రాదు. అయినా ఉగాది నాడు పంచాంగం వినడం, మూఢాలలో శుభకార్యం తలపెట్టకపోవడం అనే రెండు అలవాట్లు కొన్ని ఇళ్ళలో చెక్కు చెదరలేదు.

అటువంటి ఒక ఇంటిలో ఎనభైనాలుగేళ్ళ అవ్వ ఒకామె 2023 చివరి నెలల నుండి ప్రతిదినమూ తెల్లవారుజామున మేడ మీదికి వెళ్ళి తూర్పు దిక్కు చూసి వచ్చేది. సముద్రం అక్కడికి కనబడదు. ఇళ్ళ కప్పులు, నీళ్ళ తొట్లు, ఒకటి రెండు కొబ్బరి తలలు కనబడతాయి. వాటికి పైన వేగుచుక్క ఉండేది. ఆమెకు ఒక కంటికి శుక్లం తీశారు, రెండవ కంటికి ఇంకా తీయలేదు. ‘ఒంటికన్ను చుక్కకు ఒంటికన్ను కాపలా’ అని తన మీద తానే హాస్యమాడుకునేది. వామనుడు బలిచక్రవర్తి వద్ద దానం పట్టే వేళ శుక్రాచార్యుడు కమండలం కొమ్ములో దూరి నీటిధారకు అడ్డుపడి, దర్భ పోటుకు ఒక కన్ను పోగొట్టుకున్న కథ పోతన భాగవతం తెలిసిన ఏ ఇంటిలోనూ కొత్తది కాదు. చదువు రాని ఆ అవ్వకు కూడా అది నోటికి తెలుసు.

2024 ఏప్రిల్ 9న క్రోధి నామ సంవత్సర ఉగాది వచ్చింది. అయిదు దినాలకు తమిళ సంవత్సరాది. ఆ సంవత్సరం పేరూ క్రోధియే. పండుగ దాటిన కొద్ది దినాలకే వేగుచుక్క తూర్పు వెలుగులో కరిగిపోయింది. అంతకు ముందే, మాఘమాసంలో, ఆమె మనుమరాలికి సంబంధం కుదిరి నిశ్చయతాంబూలాలు పుచ్చుకున్నారు. వరుని వారు విల్లుపురం తమిళులు. వరుడు సింగపూరులో ఉద్యోగి. అతనికి సెలవు మే నెలలో దొరికింది.

చిక్కు అక్కడ మొదలైంది. ఏప్రిల్ నెలాఖరు నుండి శుక్రమౌఢ్యం. దానికి తోడు మే నెలలో గురుమౌఢ్యం కూడా వచ్చి కలిసింది. ఏ ముహూర్తమూ చూడనక్కరలేదని లోకం చెప్పుకునే అక్షయ తృతీయ ఆ ఏడు మే 10న వచ్చినా, తెలుగు పంచాంగాలు పెళ్ళి అనే మాట ఎత్తలేదు. జూలై మొదటి పక్షంలో మూఢం వదులుతుంది గాని, అప్పటికే ఆషాఢం ప్రవేశించి ఉంటుంది. ఆగస్టు 5న శ్రావణం రావాలి, అప్పుడే ముహూర్తం. ఆ వేసవిలో ఆంధ్ర, తెలంగాణాలలో పురోహితులు, వంటవారు, సన్నాయి మేళాలవారు మూడు నెలలు ఖాళీగా కూర్చున్నారు.

వరుని వారి తమిళ క్యాలెండరులో ఈ మూఢం ఊసే లేదు. వారికి ఆడి, మార్గళి నెలలు పనికిరావు. వైకాశి దివ్యమైన నెల. మే 14 నుండి జూన్ 14 వరకు అందులో పెళ్ళి దినాలు వరుసగా అచ్చయి ఉన్నాయి. ఒకే పట్టణంలో, ఒకే ఆకాశం కింద, ఎదురెదురు ఇళ్ళలో ఒక తలుపు మీద కాలం తెరిచి ఉంది, మరొక తలుపు మీద మూసి ఉంది.

ఈ మూత వెనుక ఉన్నది కేవలం భయమని కొట్టివేయడం తొందరపాటు. సిద్ధాంత గ్రంథాలు మౌఢ్యాన్ని చూపుకు కట్టి నిర్వచించాయి. శుక్రుడు సూర్యునికి పది కాలాంశలలోపు వస్తే, వక్రగతిలో ఉన్నప్పుడైతే ఎనిమిది కాలాంశలలోపు వస్తే, కంటికి కనబడడని సూర్యసిద్ధాంతం లెక్క. ఒక కాలాంశ అంటే పది విఘడియలు, మన గడియారంలో నాలుగు నిమిషాలు. అనగా సూర్యుని కన్న నలభై నిమిషాలైనా ముందు ఉదయించని చుక్క, లేదా ఆయన తరువాత అంతసేపైనా నిలవని చుక్క, ఆ వెలుగులో పోయినట్టే. ఇది ఎవరో మేడ మీద నిలబడి చూసి పెట్టిన లెక్క.

అయితే ఈ చుక్క పోయిన ప్రతిసారీ ఒకే కాలం పోదు. సూర్యునికీ భూమికీ నడుమ నుండి దాటేటప్పుడు శుక్రుడు మనకు సుమారు నాలుగు కోట్ల కిలోమీటర్ల దగ్గరగా ఉంటాడు. వక్రించి చకచకా దాటిపోతాడు. అప్పుడు మూఢం పది దినాల ముచ్చట. సూర్యునికి ఆవలి పక్క నుండి దాటేటప్పుడు దాదాపు ఇరవైయారు కోట్ల కిలోమీటర్ల దూరాన, సూర్యుడు నడిచే దిక్కుననే నడుస్తూ, ఎంతకీ వెలుగులో నుండి బయటపడడు. అప్పుడు రెండు నెలలు దాటుతుంది. ఈ రాకపోకల చక్రం ఒక్కొక్కటి 584 దినాలు; అయిదు చక్రాలు తిరిగేసరికి ఎనిమిదేళ్ళు పూర్తయి, చుక్క దాదాపు అదే తేదీకి అదే చోటికి వస్తుంది. 2016 జూన్ 6న సూర్యుని వెనుకకు పోయినది, 2024 జూన్ 4న మళ్ళీ అక్కడికే పోయింది. ఇక ఆ గ్రహం మీది కాలం సంగతి మరీ వింత. సూర్యుని చుట్టూ తిరగడానికి దానికి 225 దినాలు, తన చుట్టూ తాను తిరగడానికి 243 దినాలు. పైగా తిరిగేది ఎదురు దిక్కుకు. అక్కడ సూర్యుడు పడమర ఉదయిస్తాడు. ఒక ఉదయానికీ మరొక ఉదయానికీ నడుమ మన దినాలు 117 గడుస్తాయి. చచ్చినవారిని లేపే మృతసంజీవని విద్య ఆ ఒక్కనికే తెలుసునన్న పురాణం కూడా, మునిగిన ప్రతిసారీ మరొక దిక్కున లేచే ఈ చుక్కను చూసినవారే కట్టి ఉంటారు.

రెడ్డియార్‌పాళయం ఇంటిలో ఇవేవీ చర్చకు రాలేదు. చర్చకు వచ్చినది అవ్వ గుండె. ఆ ఫిబ్రవరిలోనే వైద్యులు కొడుకును పక్కకు పిలిచి, గుండె బలహీనపడిందని, ఎప్పుడేమవుతుందో చెప్పలేమని అన్నారు. కాబట్టి ఇంటిల్లిపాదీ ఆమె కోసమే మూఢాన్ని పక్కన పెట్టడానికి సిద్ధపడ్డారు. విల్లుపురం వారు మర్యాదస్తులు. ‘మీరు ఎప్పుడంటే అప్పుడే’ అన్నారు గాని, వరుని సెలవు సంగతి కూడా మెల్లగా గుర్తుచేశారు. పురోహితుడు తప్పించుకున్నాడు. శాస్త్రంలో లేదని, ఆపద్ధర్మం మీ ఇష్టమని చెప్పి మజ్జిగ తాగి వెళ్ళాడు.

కొడుకు రిజిస్ట్రేషను శాఖలో గుమాస్తాగా పనిచేసి పదవీ విరమణ చేసినవాడు. తల్లి మంచం పక్కన కూర్చుని, వైకాశిలోనే కానిచ్చేద్దామమ్మా అన్నాడు.

“నువ్వు ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళు సాక్షులు లేకుండా ఒక్క దస్తావేజైనా రిజిస్టరు చేసినావా నాయనా?” అని అడిగింది.

“లేదమ్మా. ఇద్దరు సాక్షులు ఉండాల.”

“గురువు లేడు, శుక్రుడు లేడు. సాక్షులిద్దరూ ఊళ్ళో లేనప్పుడు నా మనుమరాలి సంతకం ఎవరి ముందర పెట్టిస్తావు?”

అతను నవ్వలేకపోయాడు. ఆమె గుండె సంగతి ఆమెకు చెప్పకుండా వాదించడం ఎలాగో అతనికి తెలియలేదు. ఆమెకు అది ముందే తెలుసు. “నా కోసరం ఆ చుక్క ముందుగా లేస్తుందా? అది లేచినప్పుడే చేయండి. నేనుంటే చూస్తా” అని గోడ వైపు తిరిగి పడుకుంది.

ఇందులో ఒక మొండితనం ఉంది, దానిని మెచ్చుకోవలసిన పని లేదు. ఆ మాటతో ఇంటిలో ఇద్దరు మూడు దినాలు సరిగా అన్నం తినలేదు. వరుడు సెలవు మార్చుకోవడానికి నానా తిప్పలు పడ్డాడు. మంటపానికి ఇచ్చిన బయానా పోయింది. ఒక నియమం ఎవరిని కాపాడడానికి ఉన్నదో వారినే బాధించే సందర్భాలు పెళ్ళిళ్ళలో ఎన్ని లేవు! కాని నష్టపోయేవారు తామే అయినప్పుడు నియమాన్ని పట్టుకుని నిలబడేవారు అరుదు. ఎవరి కోసం మినహాయింపు ఇస్తామన్నారో ఆమెయే అది వద్దన్నది.

పెళ్ళి ఆగస్టుకు పోయింది. అక్కడా ఒక సన్నని సందే దొరికింది. శ్రావణం ఆగస్టు 5న మొదలైనా తమిళుల ఆడి నెల 16 వరకు పోదు. ఆవణి పుట్టినది మొదలు శ్రావణ అమావాస్య వరకు, రెండు పంచాంగాలకూ పొసగినవి ఒక పక్షం దినాలు.

మనుమరాలు చదువుకున్న పిల్ల. పట్టణంలో ఒక గ్రంథాలయంలో ఉద్యోగం. మే, జూన్ నెలల ఎండలో అవ్వ మేడ ఎక్కడం మానుకుని మంచం పట్టుకుని ఉన్న దినాలలో, సాయంత్రాలు పక్కన కూర్చుని కబుర్లు చెప్పేది. ఆ కబుర్లలో ఒకటి, ఇదే పట్టణంలో ఇదే చుక్క కోసం కాచుకున్న ఒక ఫ్రెంచి వాని కథ.

అతని పేరు గియోమ్ లె జాంతీ. శుక్రుడు సూర్యబింబం మీద నల్లని చుక్కలా దాటిపోయే వేళను భూమి మీద వేరువేరు చోట్ల నుండి కొలిస్తే, సూర్యుని దూరం తేలుతుందని ఇంగ్లండులో హేలీ 1716లో ప్రతిపాదించాడు. అటువంటి దాటింపు 1761 జూన్ 6న, మళ్ళీ 1769 జూన్‌లో ఉన్నది. ఆ తరువాత నూరేళ్ళు దాటినా లేదు. లె జాంతీ పుదుచ్చేరి నుండి చూడాలని 1760 మార్చిలో ఫ్రాన్సులో ఓడ ఎక్కాడు. 1761 జనవరిలో పుదుచ్చేరి కోట ఇంగ్లీషువారి వశమైంది. కస్తూరి రంగకవి తెలుగులో ‘ఆనందరంగరాట్ఛందము’ అంకితమిచ్చిన దుబాసీ ఆనందరంగపిళ్ళై కన్నుమూసినది కూడా ఆ జనవరిలోనే. మలబారు తీరం దాకా వచ్చిన ఓడ ఆ వార్త విని వెనుదిరిగింది. జూన్ 6న లె జాంతీ నడిసముద్రంలో ఉన్నాడు. చుక్క దాటింది, అతను చూశాడు. ఊగే ఓడ మీద కొలత కుదరలేదు.

ఇంటికి పోలేదు. ఎనిమిదేళ్ళలో మళ్ళీ వస్తుంది గదా అని ఈ సముద్రాలలోనే ఉండిపోయాడు. మడగాస్కరు వైపు తిరిగాడు, మనీలా పోయాడు, 1768 మార్చిలో పుదుచ్చేరి చేరాడు. అప్పటికి ఊరు మళ్ళీ ఫ్రెంచివారిది. శిథిలమైన కోటలో అతనికి ఒక వేధశాల కట్టి ఇచ్చారు. మద్రాసు ఇంగ్లీషువారు దూరదర్శిని ఎరువిచ్చారు. కాచుకున్న ఆ ఏడాదిలో అతను ఊరక కూర్చోక, ఇక్కడి జ్యోతిష గణితం నేర్చుకున్నాడు. గవ్వలు పరచి, నోటికి వచ్చిన వాక్యాలతో, కాగితం ముట్టకుండా ముప్పావు గంటలోపల ఒక తమిళుడు గ్రహణం కట్టడం చూసి ఆశ్చర్యపడ్డాడు. 1765 ఆగస్టు 30 నాటి చంద్రగ్రహణపు నిడివిని ఇక్కడి లెక్క 41 సెకన్లు తక్కువ చూపితే, ఐరోపాలో శ్రేష్ఠమనిపించుకున్న పట్టికలు 68 సెకన్లు ఎక్కువ చూపాయని అతనే రాసిపెట్టాడు. ఆ కాలంలో అటువంటి మాట రాయడానికి నిజాయితీ కావాలి.

1769 మే నెల ఉదయాలు నిర్మలంగా ఉన్నాయి. జూన్ 4 వేకువన తూర్పు సముద్రం మీద మబ్బు పట్టింది. దాటింపు ముగిసేదాకా సూర్యుడు కనబడలేదు. ముగిసిన తరువాత మబ్బు విడిపోయి, దినమంతా కాసింది. మనీలాలో ఆ ఉదయం ఆకాశం తేటగా ఉన్నదని తరువాత తెలిసింది. రెండు వారాలకు పైగా అతను కలం పట్టుకునే స్థితిలో లేడు. 1771లో స్వదేశం చేరేసరికి, అతను చనిపోయాడని తీర్మానించి వారసులు ఆస్తి పంచుకునే పనిలో ఉన్నారు. విద్వత్సభలో అతని స్థానం వేరొకరికి పోయింది.

అవ్వ కళ్ళు మూసుకుని అంతా విన్నది.

“చుక్క సూర్యుని మీదికి వచ్చిందంటే మూఢమే గదా అమ్మణ్ణీ” అన్నది చివరకు. “మూఢంలో చుక్కను చూడబోతే ఎట్ల కనబడుతుంది?”

గణితం ప్రకారం ఆమె మాటలో తప్పు లేదు. ఆ ఫ్రెంచివాడు పదకొండేళ్ళు వెచ్చించి వెతికిన క్షణం, తెలుగు పంచాంగంలో మౌఢ్యానికి నట్టనడుమ. కొంతసేపటికి ఆమె మళ్ళీ అడిగింది:

“పెళ్ళయిందా ఆయనకు?”

అయిందనీ, తిరిగి వెళ్ళాక చేసుకున్నాడనీ, ఒక ఆడపిల్ల పుట్టిందనీ, విద్వత్సభలో స్థానం కూడా మళ్ళీ వచ్చిందనీ మనుమరాలు చెప్పింది. అవ్వ తల ఆడించి మంచినీళ్ళు అడిగింది.

ఆ సంభాషణ జరిగిన జూన్ మొదటి వారంలోనే, 2024 జూన్ 4న, శుక్రుడు సరిగా సూర్యబింబం వెనుకకు పోయాడు. లె జాంతీ మబ్బును చూసిన నాటికి 255 ఏళ్ళు. ఆనాడు దేశమంతా ఎన్నికల ఫలితాలు వింటోంది. చుక్క సంగతి ఎవరికీ పట్టలేదు.

జూలైలో అవ్వకు కొంచెం ఓపిక వచ్చింది. మూఢం వదిలిందని పురోహితుడు కబురు పంపాడు. పంచాంగం చెప్పినది చాలదని, కంటితో చూడాలని ఆమె పట్టు. ఈసారి చూడవలసినది తూర్పు కాదు, పడమర. ఊసుటేరి చెరువు వైపు, ప్రొద్దు గుంకిన అరగంటలోపల. తెల్లవారి పోయినది సాయంత్రం ఎట్లా వస్తుందని చిన్నప్పుడు మనుమరాలు అడిగితే, ‘వేగుచుక్క అక్క, సందెచుక్క చెల్లెలు’ అని చెప్పిన మనిషి ఆమె. అవి రెండూ ఒకటేనని ఆమెకు ఎప్పుడు తెలిసిందో ఎవరూ అడగలేదు.

సాయంత్రాలు మబ్బులు. ఒకనాడు చినుకు. ఒకనాడు మబ్బు లేదుగాని, పడమటి వీథిలో కొత్తగా లేచిన నాలుగంతస్తుల కట్టడం అడ్డం. మనుమరాలు ఆమెను మేడ దక్షిణపు మూలకు నడిపించి, ప్లాస్టిక్ కుర్చీ వేసి కూర్చోబెట్టింది. నెలాఖరులో ఒక సాయంకాలం, ఎరుపు పోయి ఆకాశం బూడిదరంగుకు తిరిగే వేళ, నీళ్ళ తొట్టికి పక్కగా, చాలా కిందుగా చుక్క కనబడింది. ముందు చూసినది మనుమరాలే. చేతిలోని ఫోను దిక్కు చూపింది. కన్ను నిజం చెప్పింది. అవ్వ తలను రెండు చేతులా పట్టి మెల్లగా అటు తిప్పింది.

“కనబడుతోందా అవ్వా?”

చాలాసేపు మాట లేదు. తరువాత, “ఉండాది” అన్నది. ఏ కంటితో చూసిందో, చూసిందో లేదో, మనుమరాలు రెట్టించలేదు. మెట్లు దిగేటప్పుడు అవ్వ చేయి ఆమె భుజం మీద మునుపటి కన్న తేలికగా ఉన్నది.

పెళ్ళి ఆగస్టు నాలుగో వారంలో జరిగింది. పందిట్లో ముందు వరుసలో అవ్వ కూర్చున్నది. పగటి పది గంటలకు పురోహితుడు వధూవరులను బయటకు తీసుకువెళ్ళి అరుంధతిని చూపాడు. విల్లుపురం బంధువులు నవ్వుకుంటూ ఆకాశం వైపు చూశారు. అప్పగింతల వేళ మళ్ళీ ఒక చిక్కు వచ్చింది. కొత్తకోడలు శుక్రునికి ఎదురుగా ప్రయాణం చేయరాదు. చుక్క పడమర ఉన్నది, విల్లుపురమూ పడమరే. పురోహితుడు ఏదో మినహాయింపు చూపాడు. అవ్వకు అది పూర్తిగా నచ్చలేదు గాని, ఆ పూట ఊరుకుంది.

2025 మార్చిలో చుక్క మళ్ళీ అణిగింది. ఈసారి దగ్గరి దారి. సింగపూరు నుండి మనుమరాలు ఫోను చేసి, వచ్చే నెల పుట్టింటికి రావాలనుకుంటున్నానని, టిక్కెట్టు ఏ దినానికి తీసుకోమంటావని అడిగింది. అవ్వ ఫోను కొడుకు చేతికిచ్చి, పట్టుమని పది దినాలే గదా అంటూ, వేళ్ళ కణుపుల మీద లెక్క పెట్టడం మొదలుపెట్టింది.